కళ్లజోడు కథానాయకుడు హెరాల్డ్ లాయిడ్

మూకీ సినిమాల్లో హాస్యం అనగానే మనలో చాలామందికి గుండ్రటోపీ, చేతికర్ర, చిట్టిమీసంతో చార్లీ చాప్లిన్ కళ్లముందు మెదులుతారు. సినిమాలంటే మరికాస్త ఇష్టమున్నవారు, తాను నవ్వకుండా లోకాన్ని నవ్వించిన బస్టర్ కీటన్ పేరు కూడా చెబుతారు. ఆ ఇద్దరి సరసన కూర్చోదగిన మూడో మనిషి హెరాల్డ్ లాయిడ్. 1920లలో వచ్చిన చిత్రాలన్నీ కలిపి లెక్కవేస్తే వసూళ్లలో ఆయన చాప్లిన్ గారినే మించారు. అయినా ఈనాడు ఆయన పేరు తెలిసినవారు తక్కువ.

ప్రత్యేక సంచికకు ఒక ప్రముఖుని జీవితం రాయమని సంపాదకవర్గం వారు కోరినప్పుడు ఈయననే ఎంచుకోవడానికి నాకు రెండు కారణాలున్నాయి. మొదటిది, తెరమీద ఆయన చాప్లిన్ లాగ దేశదిమ్మరి కాదు. కొట్లో గుమాస్తానో, సోడా అంగట్లో పనివాడో, టాక్సీ డ్రైవరో. అంటే నెల జీతగాడు, మనవాడు. రెండవది, ఆయన నలభై అయిదేళ్లకే దాదాపుగా విశ్రాంత జీవితంలోకి వచ్చి, ఆ తరువాత ముప్పయి మూడేళ్లు బతికారు. పని అయిపోయాక మనిషి ఏం చేయాలన్నది మన సంఘ సభ్యులందరికీ సంబంధించిన ప్రశ్నే కదా!

మన ప్రాంతానికి హాస్యం కొత్తదేమీ కాదు. పద్మశ్రీ రేలంగి వెంకట్రామయ్య గారు తాడేపల్లిగూడెంలో తమ పేరున చిత్రమందిర్ కట్టించి, ఆ ఊరివారై, 1975లో కన్నుమూశారు. 'మాయాబజార్' (1957)లో లక్ష్మణ కుమారుడుగా ఆయన పెళ్లిపీటల మీద పడే అవస్థ చూడండి. నోటిమాట రాకముందే కళ్లు, భుజాలు, నడక నవ్విస్తాయి. ఒంటితో నవ్వించే ఆ విద్యకు సినిమాలో మొదటి బడి మూకీ. ఆ బడిలో పెద్ద పంతుళ్లలో ఒకరు లాయిడ్.

మూకీల కాలంలో మన దేశానికి ఎక్కువగా వచ్చినవి అమెరికా చిత్రాలే. 1927లో బ్రిటిషు ప్రభుత్వం మదరాసుకు చెందిన టి. రంగాచారి గారి అధ్యక్షతన వేసిన సినిమా విచారణ సంఘం ఆ సంగతే తేల్చింది. తెర పక్కన నిలబడి కథ చెప్పే వ్యాఖ్యాతలు ఆనాడు ఉండేవారు. తరువాత తెలుగులో పేరుమోసిన హాస్యనటుడైన కస్తూరి శివరావు గారు మొదట ఆ పని చేసినవారే. 1932లో 'భక్త ప్రహ్లాద' వచ్చి మన తెర మాట్లాడేవరకు అదే పద్ధతి.

బాల్యం - సినిమా ప్రవేశం

హెరాల్డ్ క్లేటన్ లాయిడ్ 1893 ఏప్రిల్ 20న అమెరికాలోని నెబ్రాస్కా రాష్ట్రం, బర్చర్డ్ అనే చిన్న ఊళ్లో జన్మించారు. తండ్రి నిలకడగా ఒక ఉద్యోగంలో ఉన్నవారు కాదు. ఊళ్లు మారడం, వ్యాపారాలు మార్చడం, చేతులు కాల్చుకోవడం ఆయనకు పరిపాటి. చివరకు తల్లిదండ్రులు విడిపోయారు. తండ్రికి ఒక ప్రమాదంలో దెబ్బ తగిలి నష్టపరిహారం వస్తే, ఆ డబ్బుతో ఎక్కడికి పోవాలో తేల్చుకోవడానికి నాణెం ఎగరవేశారట. అది పశ్చిమాన కాలిఫోర్నియా వైపు చూపించింది. తండ్రీ కొడుకులు శాన్ డియేగో చేరారు. నాణెం మరో పక్కన పడి ఉంటే ఈ వ్యాసం ఉండేది కాదేమో!

చిన్ననాటి నుంచి నాటకాల పిచ్చి ఉన్న హెరాల్డ్, 1913 ప్రాంతాల్లో సినిమాల్లో గుంపులో నిలబడే వేషాలు మొదలుపెట్టారు. యూనివర్సల్ స్టూడియోలో గేటు కాపలాదారు లోపలికి రానివ్వలేదు. మధ్యాహ్న భోజనానికి బయటికి వచ్చిన నటులు రంగు ముఖాలతోనే తిరిగి లోపలికి పోవడం ఆయన గమనించారు. మరునాడు తానూ ముఖానికి రంగు పూసుకుని ఆ గుంపులో కలిసిపోయారు. గేటు దాటారు. అక్కడే తనలాగే చిన్న వేషాలు వేసే హాల్ రోచ్ పరిచయమయ్యారు. రోచ్‌కు కొంత ఆస్తి కలిసివచ్చి సొంతంగా చిత్రాలు తీయడం మొదలుపెట్టగానే, లాయిడ్‌ను హాస్యనటుడుగా పెట్టుకున్నారు.

మొదట వేసిన 'లోన్సమ్ ల్యూక్' వేషం చాప్లిన్ నకలే. చాప్లిన్‌వి వదులు దుస్తులైతే ఈయనవి బిగుతు దుస్తులు, అంతే తేడా. జనం నవ్వారు, డబ్బూ వచ్చింది. కానీ ఎంతకాలం చేసినా ఇంకొకరి నీడగానే ఉంటానన్న బాధ ఆయన్ను వదల్లేదు. బాగా నడుస్తున్న వేషాన్ని తానే కాదనుకుని, 1917లో కొత్త మనిషిని తయారుచేశారు. గుండ్రటి కొమ్ము ఫ్రేము కళ్లజోడు, మామూలు సూటు, గడ్డి టోపీ. అంతకు మించి వేషమే లేదు. ఆ కళ్లజోడుకు అద్దాలు కూడా ఉండేవి కావు. వీధిలో పోయే ఎవరైనా ఆయనే కావచ్చు. వికారపు వేషం వేస్తేనే హాస్యమనుకునే ఆ రోజుల్లో అది పెద్ద సాహసం.

ఆ కళ్లజోడు మనిషి మొదటి చిత్రం 'ఓవర్ ది ఫెన్స్' (1917). విశేషమేమంటే దాని కథ బేస్‌బాల్ ఆట చుట్టూ తిరుగుతుంది. బేస్‌బాల్ అంటే మన క్రికెట్‌కు దూరపు చుట్టం. బంతి, కర్ర, పరుగులు అన్నీ ఉంటాయి. అమెరికావారికి దానిమీద ఉన్న మోజు మనవారికి క్రికెట్ మీద ఉన్నదానికి తీసిపోదు. ఆటపిచ్చితో మొదలైన ఆ కళ్లజోడు ప్రయాణం మూకీలలో ఆటపిచ్చితోనే ముగిసింది. ఆ సంగతి తరువాత చెబుతాను.

చేతిలో పేలిన బాంబు

1919 ఆగస్టులో ఆయనకు ఇరవై ఆరేళ్లు. పేరు అప్పుడప్పుడే పైకి వస్తోంది. లాస్ ఏంజెలెస్‌లో ఒక ఫోటో స్టూడియోలో ప్రచారం కోసం ఫోటో తీస్తున్నారు. చేతిలో నాటకపు బాంబు పట్టుకుని దాని వత్తితో సిగరెట్ వెలిగించుకోవాలి. ఉత్తి బాంబు అనుకున్నది నిజంగా పేలింది. కుడిచేతి బొటనవేలు, చూపుడువేలు పోయాయి. ముఖం కాలింది. చూపు కూడా పోయిందని కొన్నాళ్లు భయపడ్డారు. దైవకృపవల్ల చూపు తిరిగి వచ్చింది, ముఖం మానింది. వేళ్లు మాత్రం రాలేదు.

కుడిచేతి బొటనవేలు లేకపోతే కలం పట్టుకోవడం ఎంత కష్టమో మనబోటి రాతపనివారికి వేరే చెప్పనక్కరలేదు. ఇక ఒళ్లంతా పనిముట్టుగా బతికే నటుడి మాటేమిటి? ఆయన ఒక ప్రత్యేకమైన తొడుగు చేయించుకున్నారు. చర్మం రంగులో, లేని వేళ్లు ఉన్నట్టు కనిపించేలా కుట్టిన తొడుగు అది. దాన్ని వేసుకుని మళ్లీ కెమెరా ముందు నిలబడ్డారు. ఈ సంగతిని ప్రచారానికి వాడుకోలేదు. జనం జాలిపడితే నవ్వడం మానేస్తారని ఆయన భయం. తరువాత వచ్చిన పెద్ద చిత్రాలన్నీ ఆ చేతితో చేసినవే.

1923లో వచ్చిన 'సేఫ్టీ లాస్ట్' లో బట్టల కొట్టు గుమాస్తా ఒకడు ఎత్తయిన భవంతి గోడ పట్టుకుని పాకుతూ పైకి ఎక్కుతాడు. కిందికి జారబోయి గడియారం ముల్లు పట్టుకుని వేలాడతాడు. సినిమా చరిత్ర పుస్తకాల్లో ఆ బొమ్మ మీలో చాలామంది చూసే ఉంటారు. గోడ సెట్టును నిజమైన భవనాల డాబాల మీద కట్టి, కిందనున్న వీధి కనిపించేలా కెమెరా పెట్టి తీశారు. కింద కొద్ది దూరంలో పరుపులు వేసిన వేదిక ఉండేది. అయినా అది ప్రమాదకరమే. అదంతా మూడు వేళ్ల కుడిచేతితో చేశారని తెలిసిన తరువాత ఆ దృశ్యం చూస్తే నవ్వుతోపాటు ఒళ్లు జలదరిస్తుంది. ఆ చిత్రంలో నాయిక మిల్‌డ్రెడ్ డేవిస్. అదే సంవత్సరం ఆమెను వివాహం చేసుకున్నారు. 1969లో ఆమె మరణించేవరకు ఆ దాంపత్యం నిలిచింది. అదే ఏడాది రోచ్ సంస్థ నుంచి స్నేహంగానే విడిపోయి సొంత సంస్థ పెట్టుకున్నారు. ఆ దూరదృష్టి వల్ల తన చిత్రాల హక్కులు తన చేతిలోనే ఉండిపోయాయి.

ఆటలు - ఆటపిచ్చి

1925లో వచ్చిన 'ది ఫ్రెష్‌మన్' ఆయనకు అఖండ విజయం తెచ్చింది. కాలేజీలో అందరి మెప్పు కోసం తాపత్రయపడే కుర్రాడు ఫుట్‌బాల్ జట్టులో చేరాలనుకుంటాడు. జట్టువారు అతడిని నీళ్లు మోయడానికి పెట్టుకుని, ఆటగాడివేనని నమ్మిస్తారు. చివరి ఆటలో దెబ్బలు తగిలి ఆటగాళ్లు కరువైనప్పుడు అతడే దిగి గెలిపిస్తాడు. ఆడుకునే కథలకు అమెరికాలో ఇదే దారి వేసింది.

అయితే నా అభిప్రాయంలో ఆయన చిత్రాల్లో మన ఉద్యోగులు తప్పక చూడవలసినది 'స్పీడీ' (1928). మనవడి సాయంతో టీవీలో చూశాను. ఇది ఆడేవాడి కథ కాదు, ఆట చూసేవాడి కథ. న్యూయార్క్ నగరంలో స్పీడీ అనే కుర్రాడికి యాంకీస్ అనే బేస్‌బాల్ జట్టంటే ప్రాణం. సోడా అంగట్లో ఉద్యోగం. ఆట జరుగుతున్నంతసేపు టెలిఫోనులో స్కోరు కనుక్కుంటూ ఉంటాడు. వంటగదిలో వాళ్లకు స్కోరు తెలియాలి, యజమానికి తెలియకూడదు. అందుకని అద్దాల పెట్టెలో తినుబండారాలను స్కోరుబోర్డులాగ పేరుస్తాడు. గుండ్రటి గారెలాంటి డోనట్ పెడితే సున్న. మెలితిప్పిన జంతికలాంటిది కొరికి పెడితే ఇంకో అంకె. మాట లేదు, చప్పుడు లేదు. చూసేవారికి మాత్రం పొట్ట చెక్కలవుతుంది.

ఇది చూస్తూ నాకు మన ఆఫీసు రోజులు గుర్తుకు వచ్చాయి. 1983లో కపిల్‌దేవ్ జట్టు ప్రపంచకప్ తెచ్చిన తరువాత క్రికెట్ జ్వరం ఎలా ఉండేదో మీకు తెలియనిది కాదు. టెస్టు మ్యాచి ఉందంటే డెస్కు సొరుగులో ట్రాన్సిస్టరు, స్కోరు చీటీ టపా మధ్యలో పడి సెక్షను నుంచి సెక్షనుకు వెళ్లేది. ఆ రోజుల్లో కదలని ఫైలు ఉండవచ్చునేమోగాని కదలని స్కోరు చీటీ ఉండేది కాదు. కొల్లేటి లంకల్లో క్యాంపుకు వెళ్తే చేపల చెరువు గట్టుమీద కాపలా మనిషి చెవి దగ్గరా అదే కామెంటరీ. న్యూయార్క్ అయినా, ఏలూరు అయినా, ఆకివీడు అయినా పిచ్చి ఒక్కటే.

మళ్లీ కథకు వద్దాం. యజమాని ఇంటికి పూలగుత్తి అందజేయమని పంపితే, దారిలో కిటికీలో పెట్టిన స్కోరుబోర్డు ముందు నిలబడిపోతాడు. పూలు కాస్తా కారు తలుపులో పడి నలిగి కాడలు మిగులుతాయి. ఉద్యోగం పోతుంది. తరువాత టాక్సీ తోలడానికి చేరితే ఒకరోజు ఎక్కిన మనిషి సాక్షాత్తు బేబ్ రూత్! 1927లో ఒకే సీజనులో అరవై హోమ్ రన్నులు కొట్టి రికార్డు నెలకొల్పిన మహా ఆటగాడు. ఆ ఏడే తీసిన చిత్రంలో తన పాత్ర తానే వేశారు. దేవుడే కారెక్కితే భక్తుడు రోడ్డు చూస్తాడా? స్పీడీ వెనక్కి తిరిగి ఆయన్నే చూస్తూ, మాట్లాడుతూ, న్యూయార్క్ వీధుల్లో బండి దూకిస్తాడు. వేలమంది ముందు బెదరని ఆటగాడు వెనక సీట్లో ప్రాణాలు అరచేత పట్టుకుని కూర్చుంటారు. తీరా స్టేడియం చేరాక కుర్రాడు డ్యూటీ మరచి ఆట చూడటానికి లోపలికి పోతాడు. ఆ ఉద్యోగమూ దక్కదు.

ఇక్కడితో ఆగితే ఇది ఒక పనికిమాలినవాడి కథ అయ్యేది. లాయిడ్ గొప్పతనం తరువాతి సగంలో ఉంది. స్పీడీ ప్రేమించిన అమ్మాయి తాతగారికి గుర్రం లాగే ట్రాము బండి ఒకటి ఉంది. నగరం మొత్తంలో అదే ఆఖరిది. మన ఏలూరు, గూడెం స్టేషన్ల దగ్గర చివరి రోజుల్లో నిలబడిన జట్కాబండిని తలచుకోండి. నిజానికి న్యూయార్క్‌లో గుర్రపు ట్రాములు 1917లోనే ఆగిపోయాయి. అంటే చిత్రం తీసేనాటికే అదొక జ్ఞాపకం. ఆ దారి మీద కన్నేసిన పెద్ద కంపెనీ దాన్ని కాజేయాలని చూస్తుంది. ఇరవై నాలుగు గంటలకు ఒక్కసారైనా బండి నడవకపోతే తాతగారి హక్కు రద్దవుతుంది. అందుకని రౌడీలను పంపుతారు.

అప్పుడు అడ్డు నిలబడేది ఎవరనుకున్నారు? ఆ వీధిలో చిన్న చిన్న కొట్లు నడుపుకునే ముసలివారు, పాత యుద్ధంలో పోరాడిన మాజీ సైనికులు. రాత్రిపూట ఆ ట్రాము బండే వారికి కాలక్షేపపు క్లబ్బు. స్పీడీ కేక వేయగానే వృద్ధులంతా చేతికందింది పట్టుకుని రౌడీల మీద పడతారు. నేను నవ్వుతూనే కళ్లు తుడుచుకున్న ఘట్టమది. దొంగిలించిన బండిని స్పీడీ వెతికి పట్టుకుని, గడువు దాటకముందే నగరం నడిబొడ్డున పరుగెత్తిస్తాడు. ఆ పరుగులో బండి ఒక ఇనుప స్తంభానికి గుద్దుకోవడం నిజంగా జరిగిన ప్రమాదం. దాన్ని తీసేయకుండా కథలోనే కలుపుకున్నారు. చివరకు తాతగారికి లక్ష డాలర్లు దక్కుతాయి. ఆట చూడటంలో పొల్లుపోయిన ఉత్సాహమంతా మనవారి కోసం నిలబడవలసి వచ్చినప్పుడు అక్కరకు వచ్చింది. ఉపన్యాసం లేకుండా లాయిడ్ చెప్పిన నీతి ఇదే. ఈ చిత్ర దర్శకుడు టెడ్ వైల్డ్ మొట్టమొదటి ఆస్కార్ బహుమతుల్లో హాస్యచిత్ర దర్శకత్వానికి పోటీలో నిలిచారు.

టాకీలు - ఒక గుమాస్తా కథ

'స్పీడీ' లాయిడ్ చివరి మూకీ. టాకీలలో ఆయన గొంతు బాగానే ఉంది. కాలమే మారింది. 1929 తరువాత అమెరికాలో ఆర్థికమాంద్యం వచ్చి లక్షలాది మంది పని లేక వీధిన పడ్డారు. కష్టపడితే పైకి వస్తామని నవ్వుతూ పరుగెత్తే కుర్రాణ్ణి నమ్మే స్థితిలో జనం లేరు. 'మూవీ క్రేజీ' (1932), 'ది మిల్కీ వే' (1936) వంటి మంచి చిత్రాలు చేసినా పాత వైభవం రాలేదు. 1938 తరువాత నటన మానుకున్నారు.

ఒక్కసారి మాత్రం తిరిగి వచ్చారు. 1947లో ప్రెస్టన్ స్టర్జెస్ దర్శకత్వంలో 'ది సిన్ ఆఫ్ హెరాల్డ్ డిడిల్‌బాక్'. 'ది ఫ్రెష్‌మన్' లోని ఫుట్‌బాల్ ఆటతోనే ఇది మొదలవుతుంది. ఆట గెలిపించిన కుర్రాడికి ముచ్చటపడి ఒక కంపెనీ యజమాని ఉద్యోగం ఇస్తారు. లెక్కల పుస్తకం ముందు కూర్చుంటాడు. ఇరవై రెండేళ్లు గడుస్తాయి. కుర్చీ అదే, బల్ల అదే. ఒకరోజు యజమాని పిలిచి, చేతిలో ఒక గడియారం పెట్టి ఇంటికి పంపేస్తారు. మనకు చేసే వీడ్కోలు సభల్లో శాలువా, పూలదండ, గడియారం ఉన్నాయి కదా, ఆ దృశ్యం చూస్తే అవన్నీ గుర్తుకు రాకమానవు. మైదానంలో వేలమంది చప్పట్లు కొట్టిన మనిషి ఆ తరువాత ఎక్కడికి పోతాడో చూపిన కథ అది. చిత్రం డబ్బు తేలేదు. దాన్ని కత్తిరించి 1950లో వేరే పేరుతో మళ్లీ విడుదల చేశారు. లాయిడ్ ఇక నటించలేదు.

విశ్రాంత జీవితం

చాలామంది నటులు వెలుగు పోయాక కుమిలిపోయారు. లాయిడ్ అలా కాలేదు. ఒకటి, ఆయన డబ్బు జాగ్రత్తపరుడు. బెవర్లీ హిల్స్‌లో నలభై నాలుగు గదుల 'గ్రీనేకర్స్' భవనం కట్టుకున్నారు, దాన్ని చివరివరకు నిలుపుకున్నారు. రెండు, ఆయనకు ఖాళీ అంటే తెలియదు. చిత్రలేఖనం, సూక్ష్మదర్శిని, రెండు కటకాల కెమెరాతో లోతు తెలిసేలా తీసే ఫోటోలు, ఒకటి తరువాత ఒకటి పట్టుకుని పూర్తిగా నేర్చుకున్నారు. క్రిస్మస్ చెట్టును ఏడాది పొడవునా ఇంట్లో ఉంచి అలంకరించేవారు. మూడు, సేవ. ష్రైనర్స్ అనే సేవాసంఘానికి 1949లో అధ్యక్షులై, అంగవైకల్యం గల పిల్లలకు ఆ సంఘం నడిపే ఆసుపత్రుల కోసం ఏళ్ల తరబడి పనిచేశారు. సొంత చేతికి రెండు వేళ్లు లేని మనిషి ఆ పిల్లల మంచాల మధ్య తిరగడంలో ఎంత అర్థముందో ఊహించుకోండి.

ఆయనకూ దెబ్బలు తగిలాయి. 1943లో ఇంటి ఆవరణలో ఫిల్ములు దాచిన గదికి నిప్పంటుకుని తొలినాటి చిత్రాలు చాలా కాలిపోయాయి. మిగిలినవాటిని ఎంతో జాగ్రత్తగా కాపాడారు. చవకగా టెలివిజన్‌కు ఇవ్వనందువల్ల కొత్త తరానికి ఆయన ముఖం పరిచయం కాలేదన్నది ఆ జాగ్రత్తకు చెల్లించిన మూల్యం. 1953లో ఆస్కార్ సంస్థ ఆయనకు గౌరవ పురస్కారం ఇచ్చింది. మేటి హాస్యనటుడన్న గుర్తింపుతోపాటు మంచి పౌరుడన్న మెప్పు కూడా అందులో ఉంది. 1962లో పాత చిత్రాల మేలిఘట్టాలు కూర్చి విడుదల చేస్తే కుర్రకారు మళ్లీ పగలబడి నవ్వారు. 1971 మార్చి 8న, 77వ ఏట, కాన్సరుతో ఆయన కన్నుమూశారు. తరువాత మనవరాలు ఆ చిత్రాలను బాగుచేయించి లోకానికి అందించారు.

పెన్షనరు మిత్రులకు ఒక్క విన్నపం. వీలైనప్పుడు 'స్పీడీ', 'సేఫ్టీ లాస్ట్' చిత్రాలను మనవలతో కూర్చుని చూడండి. ఇంగ్లీషు రాదన్న బెంగ లేదు. మధ్యలో వచ్చే నాలుగు ముక్కలు పిల్లలే చదివి చెబుతారు. పైగా మన వయసులో చాలామందికి వినికిడి తగ్గింది. టాకీ చూస్తే పక్కవారిని ఏమన్నారు, ఏమన్నారు అని అడగాలి. మూకీకి ఆ బాధ లేదు. అందరితో సమానంగా, అందరూ నవ్విన క్షణంలోనే మనమూ నవ్వవచ్చు.